కుడి పక్క మీద ఐదు గంటలు

ఆపరేషన్ అనగానే అందరికీ కత్తి గుర్తొస్తుంది. నాకు దిండ్లు గుర్తొస్తాయి. ఇరవై రెండేళ్లుగా థియేటర్ నర్సుని. అందులో సగం కాలం నేను చేసింది మనుషుల్ని పడుకోబెట్టడమే. పొట్ట ఆపరేషన్‌కి వెల్లకిలా, వెన్నుపూసకి బోర్లా, కిడ్నీకి పక్కకి. మత్తు డాక్టరమ్మ మందు ఎక్కించి మనిషి కళ్లు మూతపడ్డాక, పెద్ద డాక్టరు చేతులు కడుక్కుని లోపలికి వచ్చేలోపు ఒక పావుగంట ఉంటుంది. ఆ పావుగంట మాది. దాని గురించి పేషెంటుకి తెలియదు, బయట బెంచీల మీద కూర్చున్న వాళ్లకీ తెలియదు. డిశ్చార్జి కాగితంలో దాని ఊసే ఉండదు.

అలాంటి ఒక పావుగంటలో నేను చేసిన తప్పు గురించి రాస్తున్నాను. ఒక మనిషి కుడిచెయ్యి దానివల్ల పోయింది. ఆ సంగతి ఎవరికీ చెప్పకుండా నేను పదకొండు నెలలు తిరిగాను.

మామూలుగా నిద్రపోయే మనిషికి చెయ్యి తిమ్మిరెక్కితే మెలకువ రాకుండానే అటు నుంచి ఇటు తిరుగుతాడు. మత్తులో ఉన్నవాడికి ఆ వీలు లేదు. మోచెయ్యి బల్ల అంచుకి నొక్కుకున్నా, చెవి మడతపడినా, మడమ కింద గట్టిగా తగులుతున్నా పలకడు. వాడి బదులు మేమే చూసుకోవాలి. మోకాళ్ల మధ్య దిండు, మడమల కింద దూది చుట్టలు, చంక కిందుగా చుట్టిన దుప్పటి, కళ్లు ఎండిపోకుండా రెప్పల మీద ప్లాస్టరు. ఇదంతా చేశాక ఒకసారి బల్ల చుట్టూ తిరిగి, చర్మం ఎక్కడ గట్టి వస్తువుకి తగులుతోందో చేత్తో తడిమి చూడాలి. కొత్తగా చేరిన అమ్మాయిలకి నేను నేర్పేది ఇదే. "నిన్ను ఇలగ ఐదుగంటలు పడుకోమంటే పడుకుంతావా? పడుకోవు కదా? మరి ఆలని ఇలగెందుకు పడుకోబెట్టేవు? సరిసెయ్యి" అని కసురుకునేదాన్ని. వాళ్లు నా వెనక నన్ను దిండ్ల రాక్షసి అనుకునేవారని నాకు తెలుసు. అనుకోనీ అనుకునేదాన్ని. నేను పడుకోబెట్టినవాళ్లలో ఒక్కరికి కూడా ఒంటి మీద మచ్చ పడలేదని లోలోపల పొగరు ఉండేది నాకు.

ఇంకో పని కూడా నాదే. థియేటర్‌లోకి తెచ్చేముందు ఒంటి మీద ఉన్నవన్నీ తీయించడం. లోహం ఏదీ ఉండకూడదు. కరెంటుతో రక్తనాళాలు కాల్చి మూసేటప్పుడు ఆ లోహం దగ్గర చర్మం కాలుతుంది, లేదా ఒత్తుకుని పుండు పడుతుంది. నియమం అంతే. కానీ మా ఊరి జనం ఒంటి మీద దారం లేకుండా ఆస్పత్రికి రారు. కాలికి నల్లతాడు, నడుముకి మొలతాడు, మెడలో రెండు మూడు రకాల దండలు, జబ్బకి తాయెత్తు. సముద్రం మీదకి వెళ్లేవాళ్లకయితే ఇంకా ఎక్కువ. మంగళసూత్రాల విషయంలో అందరం కాస్త మెత్తబడేవాళ్లం. గాజుగుడ్డ చుట్టి, ప్లాస్టరు వేసి భుజం మీదకి అంటించేసేవాళ్లం. మిగిలినవాటికి మాత్రం నా జేబులో కత్తెర ఉండేది. అయ్యో అనేవాళ్లని చూడకుండా టక్కున కత్తిరించి, చిన్న కవర్లో వేసి వాళ్ల చేతిలో పెట్టేదాన్ని.

నా వల్ల చెయ్యి పోయిన మనిషి ఒక మత్స్యకారుడు. అతను రావడానికి ఓ పది రోజుల ముందు పరవాడ వైపు నుంచి ఒక తాపీమేస్త్రీని తీసుకొచ్చారు. పరంజా మీద నుంచి పడ్డాడు. లోపల రక్తం పోతోంది. తోపుడు మంచం మీద ఉండగానే మణికట్టుకి ఉన్న ఎర్రదారాలు కత్తిరించి పారేశాను. కవర్లో వేసే తీరిక కూడా లేదు. అతను బల్ల మీదే పోయాడు. బయటికి వచ్చేసరికి వాళ్లమ్మ కాచుకుని ఉంది. నా మణికట్టు పట్టుకుని పైకి లేపి, పక్కనున్న వాళ్లందరికీ చూపించింది. "ఇదే ఆ సెయ్యి. నా బిడ్డ కట్టు తెంపీసిన సెయ్యి ఇదే" అంది. నోటికొచ్చినట్టు మాట్లాడడంలో నాకు సాటి లేరని మా ఆయన అంటాడు. ఆ రోజు చెయ్యి విడిపించుకుని లోపలికి వెళ్లిపోయాను. నేను దారం కత్తిరించినందుకు మనిషి చావడని నాకు తెలుసు. తెలిసినా ఆ రాత్రి అన్నం కలుపుతుంటే నా చెయ్యి చూసి నాకే అసహ్యం వేసింది.

ఇక ఆ మత్స్యకారుడు. నలభై అయిదు దాటి ఉంటాయి. మర పడవల మీద పాతికేళ్లుగా వేటకి వెళుతున్న మనిషి. ఎడమ కిడ్నీ నిండా రాళ్లు పట్టి అది ఎందుకూ పనికిరాకుండా పోయింది, తీసెయ్యాలి. ఆపరేషన్ పొద్దున ముందుగదిలో కాగితం పట్టుకుని నేను వెళ్లేసరికి, అతని పక్కన భార్య నిలబడి ఉంది. హార్బర్లో చేపలమ్మే మనిషి. గొంతు పెద్దది, కానీ ఆ రోజు గుసగుసగా మాట్లాడుతోంది. అతని కుడి జబ్బకి, మోచేతికి కొంచెం పైన, బొటనవేలు ముక్కంత రాగి తాయెత్తు. కొత్త నల్లదారంతో గట్టిగా కట్టి ఉంది.

నేను జేబులో చెయ్యి పెట్టగానే ఆమెకి అర్థమైపోయింది.

"తియ్యొద్దు సిస్టరమ్మా. నీ కాళ్లు మొక్కుతాను. వన్ టౌన్ల దర్గా కాడ సాయిబుగారు కట్టింది. పద్దెనిమిదేళ్లయినాది. తుపానుకి బోటు తిరగబడిపోతే ఆరుగురు పోనారు, ఈయనొక్కడూ ఒడ్డుకొచ్చేడు. ఆ వారమే కట్టించేను. అప్పట్నుంచి దారం మార్సడమే గానీ, నీళ్లోసుకున్నప్పుడు కూడా తియ్యనేదు" అంది.

అతను నవ్వుతున్నాడు. "దానికి బయం సిస్టరమ్మా. నాకేటి నేదు. తీసీమంటే తీసీండి" అన్నాడు. కానీ మాట్లాడుతూనే ఎడమచెయ్యి తాయెత్తు మీద వేసుకున్నాడు.

జేబులో కత్తెర నా వేళ్లకి తగులుతోంది. మేస్త్రీ తల్లి నా మణికట్టు పట్టుకున్న చోటు గుర్తొచ్చింది. కత్తెర బయటికి తియ్యలేకపోయాను. "సరే, ఉంచుతాను. ఎవురికీ సెప్పకండి" అన్నాను. ఆమె వంగి నా కాళ్లు ముట్టుకోబోయింది. వెనక్కి జరిగాను. నా జీవితంలో ఎప్పుడో ఒకసారి మెత్తబడతాను. ఆ ఒకసారీ ఇదే కావాలా అని తర్వాత ఎన్నిసార్లు అనుకున్నానో.

ఎడమ కిడ్నీ కాబట్టి మనిషిని కుడిపక్కకి పడుకోబెట్టాలి. కింద కాలు ముడిచి, పై కాలు చాపి, మధ్యలో దిండ్లు. తుంటి మీదుగా వెడల్పాటి ప్లాస్టరుతో బల్లకి కట్టేస్తాం. బల్లని నడుము దగ్గర పైకి లేపుతారు, అప్పుడు పక్కటెముకల కింద చోటు తెరుచుకుంటుంది. పై చెయ్యి స్టాండు మీద. కింద చెయ్యి, అంటే ఆ కుడిచెయ్యి, ముందుకి చాపి ఒక చెక్కపలక మీద పెడతాం. బరువు దాని మీద పడకుండా చంక కిందుగా దుప్పటి చుట్ట. అన్నీ చేశాను. మోచేతి దగ్గర నరం పైపైనే ఉంటుందని నాకు తెలుసు. అందుకని తాయెత్తుని అక్కడి నుంచి పైకి, జబ్బ మధ్యకి జరిపాను. చుట్టూ గాజుగుడ్డ చుట్టాను. కదలకుండా ప్లాస్టరు వేశాను. చేసిన పని చూసి తృప్తి పడ్డాను కూడా.

జబ్బ మధ్యలో, వెనకవైపు, ఎముకని చుట్టుకుని ఇంకో నరం పోతుంది. మణికట్టుని, వేళ్లని పైకి లేపేది అదే. ఇది కూడా నాకు తెలుసు. కొత్త అమ్మాయిలకి వాళ్ల చెయ్యి పట్టుకుని, ఇక్కడ పోతుంది చూడు అని చూపించేదాన్ని. ఆ రోజు నా కళ్లు మోచేతి మీద ఉన్నాయి, బుర్ర మేస్త్రీ తల్లి మీద ఉంది. ఆ పక్కకి తిరిగిన మనిషి బరువులో కొంత ఆ రాగి ముక్క మీదుగా పలక మీద పడుతుందని తోచలేదు. మత్తు డాక్టరమ్మ అటునుంచి గొట్టాలు సర్దుకుంటోంది. పచ్చగుడ్డలు కప్పేశారు.

రెండున్నర గంటలు అనుకున్నది ఐదు గంటలు పట్టింది. పాత చీముకి కిడ్నీ చుట్టూ అంతా అతుక్కుపోయి ఉంది. మూడో గంటలో రక్తం కారడం మొదలైంది, పెద్ద డాక్టరు మాటలు మానేశారు. సరిగ్గా అప్పుడే నాకు తాయెత్తు గుర్తొచ్చింది. గుడ్డల కింద చెయ్యి దూర్చి చూడాలంటే డాక్టరమ్మని అడగాలి. ఒక్క నిమిషం పని. "మేడం, కింద చెయ్యి ఒకసారి చూస్తారా" అంటే చాలు, ఆవిడే చూసేది. అడగలేదు. చూస్తే తాయెత్తు బయటపడుతుంది, ఎందుకు ఉంచావంటారు, నేనే కదా అందరికీ నీతులు చెప్పేదాన్ని. ఇంకాసేపట్లో అయిపోతుందిలే అనుకున్నాను. ఆ ఇంకాసేపు రెండు గంటలు సాగింది. నేను మెత్తబడ్డందుకు నన్ను నేను ఎప్పుడైనా క్షమించుకుంటానేమో కానీ, ఈ రెండు గంటలకి మాత్రం క్షమాపణ లేదు.

అయిపోయాక మనిషిని వెల్లకిలా తిప్పాం. మిగిలినవాళ్లు గొట్టాలు, పట్టీలు చూసుకుంటుంటే నేను కుడివైపు నిలబడి గబగబా ప్లాస్టరు లాగాను. గాజుగుడ్డ ఊడి వచ్చింది. జబ్బ వెనక తాయెత్తు ఆకారం అచ్చు పడింది. చిటికెన వేలు పట్టేంత గుంట, చుట్టూ ఎర్రగా, మధ్యలో పాలిపోయి. అరచేత్తో రుద్దాను. పోలేదు. తాయెత్తుని కిందికి, పాత చోటికి జరిపేసి, ఆస్పత్రి చొక్కా చేతిని కిందికి లాగాను. బల్ల పక్కన కాగితంలో ఒంటి మీద వస్తువులు తీశారా అన్న చోట అవునని అప్పటికే టిక్కు పెట్టి ఉంది. నేనే పెట్టాను. దాన్ని అలాగే ఉంచేశాను.

మర్నాడు పొద్దున వార్డు నుంచి ఫోను. వెళ్లేసరికి పెద్ద డాక్టరు మంచం పక్కన ఉన్నారు. "చెయ్యి ఎత్తు" అన్నారు. అతను ఎత్తాడు. భుజం లేచింది, మోచెయ్యి లేచింది, అరచెయ్యి మాత్రం మణికట్టు దగ్గర నుంచి కిందికి వేలాడిపోయింది. వేళ్లు చాపమంటే చాపలేకపోయాడు. అతనికి అది తమాషాగా ఉంది. "సెయ్యింకా మత్తులోనే ఉంది సార్. నాకంటే ఎక్కువ తాగినట్టుంది" అన్నాడు. కుట్లు నొప్పి పెట్టి నవ్వు మధ్యలో ఆపేశాడు.

డాక్టరు వాళ్లకి అర్థమయ్యేలాగే చెప్పారు. చాలాసేపు పక్కకి పడుకోబెట్టాం, నరం నొక్కుకుంది, రెండు మూడు నెలల్లో వస్తుంది, వ్యాయామం చెయ్యాలి. తర్వాత నా వైపు తిరిగి, "ప్యాడ్లన్నీ సరిగ్గానే పెట్టారు కదా సిస్టర్?" అన్నారు.

"పెట్టాను సార్" అన్నాను. ప్యాడ్లు నిజంగానే పెట్టాను. ఆ నిజాన్ని అడ్డం పెట్టుకుని నిలబడ్డాను.

ఆయన వెళ్లాక భార్య తాయెత్తు మీద చెయ్యి వేసి, ఆ చెయ్యి కళ్లకి అద్దుకుంది. "ఐదుగంటలు పట్టినాది కదా. రగతం పోయిందంట కదా. ఇదుండబట్టే పేణం నిలబడ్డాది. నీ పున్యమే సిస్టరమ్మా" అంది. ఆమె కళ్లు నా కళ్లలోకి చూడలేదు, నేల చూశాయి. సిగ్గుపడుతోంది అనుకున్నాను. నాకు ఆ మాటల కంటే మేస్త్రీ తల్లి వేసిన నిందే నయమనిపించింది.

రెండు మూడు నెలలు అన్నది సబబే. ఇలాంటివి చాలావరకు తగ్గిపోతాయి. నేనూ దాన్ని పట్టుకునే వేలాడాను. ఫిజియోథెరపీ గది కింది అంతస్తులో ఉంది. అతను గురువారం గురువారం వచ్చేవాడు. నేను ఏదో వంక పెట్టుకుని దిగేదాన్ని. మణికట్టు వాలిపోకుండా పట్టీ కట్టి, కండలకి కరెంటు పెట్టేవారు. వేళ్లు టకటకా లేచేవి, కరెంటు ఆపగానే పడిపోయేవి. "సూడు, కరెంటుంటే పనిసేస్తాది. మా ఈదిలాగే" అని నన్ను నవ్వించేవాడు. నేను నవ్వేదాన్ని. భార్య మూల కుర్చీలో పట్టీ ఒళ్లో పెట్టుకుని కూర్చునేది. హార్బర్లో అంత గొంతున్న మనిషి అక్కడ నోరు విప్పగా నేను చూడలేదు.

ఇంట్లో కూడా నాకు పిచ్చి పట్టింది. ఆదివారం మధ్యాహ్నం మా ఆయన తల కింద చెయ్యి పెట్టుకుని పడుకుంటే, వెళ్లి ఆ చెయ్యి తీసి పక్కన పెట్టేదాన్ని. మళ్లీ పెట్టుకునేవాడు, మళ్లీ తీసేదాన్ని. ఒకరోజు లేచి కూర్చుని, "నాను పేషెంటు కాదే, నీ మొగుణ్ని. పడుకోనీవేటి?" అని గట్టిగా అరిచాడు. నాకు ఏడుపొచ్చింది. ఎందుకని అడిగాడు. పోర్టు బొగ్గు దుమ్ము కళ్లలో పడిందన్నాను. దువ్వాడలో మా ఇంటికి పోర్టు దుమ్ము అంత దూరం రాదని ఆయనకి తెలుసు. ఇంకేం అడగలేదు.

నాలుగో నెలలో మణికట్టు కొద్దిగా లేచింది. ఆ రోజు ఫిజియోథెరపీ గదిలో అందరికీ అతనే టీ తెప్పించాడు. ఆ తర్వాత అది అక్కడే ఆగిపోయింది. నరానికి పరీక్ష చేస్తే లోపల అనుకున్నదాని కంటే ఎక్కువ దెబ్బతిందని తేలింది. కొంత వస్తుంది, అంతా రాదు అన్నారు. ఒకసారి పట్టుబట్టి వేటకి వెళ్లాడట. వల లాగేటప్పుడు పట్టు జారిపోయి, పక్కవాడు ఆ బరువుకి ముందుకి పడి దవడ పగలగొట్టుకున్నాడు. బోటువాళ్లు ఏమీ అనలేదు, మళ్లీ పిలవనూ లేదు. ఇవన్నీ అతనే చెప్పాడు. తర్వాత గురువారాలు రావడం మానేశాడు.

నేనే హార్బరుకి వెళ్లడం మొదలుపెట్టాను. ఆదివారం పొద్దున చేపలకని వెళ్లడం మా ఊళ్లో ఎవరికీ వింత కాదు. మొదటిసారి నన్ను చూడగానే ఆమె బేసిన్లోంచి మంచి వంజరం తీసి, ముక్కలు కొట్టి, సంచిలో వేసింది. ఎంత చెప్పినా డబ్బు తీసుకోలేదు. "మీ రునం ఉంచుకోను" అంది. అతను అక్కడికి కాస్త దూరంలో, వలలు ఆరేసిన చోట, ప్లాస్టిక్ కుర్చీలో కూర్చుని కాపలా కాస్తున్నాడు. ఎవరి వలలో తెలీదు. ఎడమచేత్తో టీ తాగుతూ నన్ను చూసి కుడిచెయ్యి పైకి ఎత్తాడు. అరచెయ్యి సగం లేచింది. ఆ చేప ఇంట్లో వండాను. మా ఆయన తిని బాగుందన్నాడు. నేను ఆ రోజు పెరుగన్నం తిన్నాను.

అలా మూడుసార్లు జరిగింది. మూడుసార్లూ చెబుదామనే వెళ్లాను, మూడుసార్లూ చేప పట్టుకుని వచ్చాను. ఇంకోసారి ఆ చేప ఇంటికి తెస్తే నేను మనిషిని కాను అనిపించింది.

నాలుగోసారి వెళ్లినప్పటికి ఆపరేషన్ జరిగి పదకొండు నెలలు. వేలంపాట అప్పుడే అయింది, నేలంతా తడి. ఆమె కానాగంత చేపలు కుప్పలు పోస్తోంది. నన్ను చూడగానే సంచి కోసం చెయ్యి చాపింది. ఇవ్వలేదు.

"చేపలకి రానేదమ్మా. ఆ రోజు సంగతి ఒకటి సెప్పాలి. ఆ తాయెత్తు..." అన్నాను.

అంతే. ఆమె చేతులు కడుక్కోకుండానే నా మోచెయ్యి పట్టుకుని ఐసు పెట్టెల వెనక్కి లాక్కుపోయింది.

"ఆయనకి సెప్పకమ్మా. నీకు దండం పెడతాను" అంది. "నాకు తెలుసు. రెండో రోజు ఒళ్లు తుడుత్తంటే సూసేను. జబ్బెనకాల తాయెత్తు అచ్చు పడిపోనాది, నల్లగ. డాకటరు నరం నొక్కుకున్నాదంటే ఏది నొక్కిందో నాకప్పుడే తెలిసిపోనాది. ఆ పొద్దున కొత్తదారం కట్టింది నానే. ఊడిపోద్దేమోనని పళ్లతో లాగి బిగించేను. నువ్వు తీత్తానంటే కాళ్లట్టుకుని తియ్యనియ్యలేదు. నా మొగుడి సెయ్యి నానే తీసేసేను. పదకొండు నెలల్నుంచి ఆయనకి అన్నం కలిపి పెడతన్నాను, మొకం సూడలేకపోతన్నాను. నువ్వు ఆయనకెక్కడ సెప్పేస్తావోనని..."

ఆమె సంచిలో వేసిన వంజరం ముక్కలు దేనికో నాకు అప్పుడు అర్థమైంది. నేను కృతజ్ఞత అనుకున్నాను. అది నా నోరు మూయించడానికి. ఆ మనిషి నాకు భయపడుతోంది. నేను చేసిన తప్పుకి నాకే భయపడుతూ బతికింది.

"నీది కాదమ్మా" అన్నాను. "నువ్వడిగేవు. అడుగుతారు, అందరూ అడుగుతారు. తియ్యాల్సింది నాను. నువ్వు కట్టిన సోటునుంటే ఏటీ అయ్యుండేది కాదేమో. దాన్ని పైకి జరిపి నరం మీద పెట్టింది నాను. అక్కడ నరముంటాదని నాకు తెలుసు, నీకు తెలీదు. ఆపరేషన్ మజ్జలో గుర్తొచ్చింది. అప్పుడైనా సూడొచ్చు. సూడనేదు. ఆ అచ్చు నీకంటే ముందు నానే సూసేను."

ఐసు కరిగిన నీళ్లు మా కాళ్ల మధ్య నుంచి పారుతున్నాయి. ఆమె చేతికి అంటిన పొలుసులు గోటితో గీక్కుంటూ నిలబడింది.

"ఆ రోజే సూసేవా?"

"ఆ రోజే."

"వారం వారం కిందకొచ్చి సూసేదానివి కదా. నాను ఆ కుర్సీలో కూకున్నాను కదా." అరవలేదు, ఆ పెద్ద గొంతు ఎటుపోయిందో. "ఒక్క మాట సెప్పుంటే... సెయ్యి ఎలాగూ వచ్చుండేది కాదు. నానైనా బాగుండేదాన్ని కదమ్మా."

చెయ్యి ఒక్కటే పోయిందనుకున్నాను ఇన్నాళ్లూ. ఉద్యోగం పోతుందని, పరువు పోతుందని, కొత్త అమ్మాయిలందరి ముందు తలదించుకోవాలని లెక్కలు వేసుకుంటూ ఉంటే, ఆ మూల కుర్చీలో కూర్చున్న మనిషిని నేను ఒక్కసారి కూడా సరిగ్గా చూడలేదు. ఎక్కడ ఒత్తుకుంటుందో చేత్తో తడిమి చూడమని ఊరందరికీ చెప్పేదాన్ని నేనే.

ఆమె కొంగుతో చేతులు తుడుచుకుంది. "రా" అంది.

వలలు ఆరేసిన వైపు నడిచింది. నేను వెనక నడిచాను. మమ్మల్ని దూరం నుంచే చూసి అతను కుర్చీలోంచి లేచాడు. తువ్వాలు కుడిచేత్తో పట్టుకోబోతే జారిపోయింది, ఎడమచేత్తో తీసి కుర్చీ తుడిచి నా వైపు జరిపాడు. "రండి సిస్టరమ్మా, ఎండగా ఉంది. కూకోండి" అన్నాడు.

"కూకోదు" అంది ఆమె. "నిలబడే సెప్తాది. ఇను."

నేను నిలబడే చెప్పాను.